రాబర్ట్ వైజ్‌కి తనదంటూ ఒక ముద్ర ఉందా?

'ద సౌండ్ ఆఫ్ మ్యూజిక్' తీసినాయనే 'ద హాంటింగ్' కూడా తీశాడని చెబితే, మొదటిసారి విన్నవాళ్లు ఓ పట్టాన నమ్మరు. ఒకటి ఆల్ప్స్ కొండల నడుమ ఏడుగురు పిల్లలు పాటలు పాడుకునే సినిమా. రెండోది దెయ్యాన్ని ఒక్క ఫ్రేములోనూ చూపించకుండా, తలుపు చప్పుడుతోనే హడలగొట్టే సినిమా. రెంటికీ మధ్య ఎడం రెండేళ్లే. వీటికి ముందు ఆయన ఖాతాలో బాక్సింగ్ కథ ఉంది, కౌబాయ్ కథ ఉంది, జలాంతర్గామి ఉంది, ట్రాయ్ యుద్ధం ఉంది, వాషింగ్టన్‌లో ఎగిరే పళ్లెం దిగిన గ్రహాంతరవాసి ఉన్నాడు, గ్యాస్ చాంబర్లో ప్రాణం వదిలిన ఆడఖైదీ ఉంది. తర్వాతెప్పుడో 'స్టార్ ట్రెక్' వరసలో మొట్టమొదటి సినిమా తీసిందీ ఆయనే.

ఆయన పేరు రాబర్ట్ వైజ్ (1914–2005). నలభై దాకా సినిమాలు, దర్శకుడిగా రెండు, నిర్మాతగా రెండు ఆస్కార్లు, హాలీవుడ్ దర్శకుల సంఘానికీ ఆ తర్వాత ఆస్కార్లు ఇచ్చే అకాడమీకీ అధ్యక్ష పదవులు. ఇంతా చేసి, హిచ్‌కాక్ పేరో జాన్ ఫోర్డ్ పేరో చెప్పినంత తేలిగ్గా వైజ్ పేరు ఎవరి నోటా రాదు. సినిమాలు అందరికీ తెలుసు, తీసినవాడు తెలియదు. తెలిసినవాళ్లలో కూడా చాలామంది ఒక మాట అనేసి ఊరుకుంటారు: పనిమంతుడే గానీ, ఆయనకంటూ ఒక శైలి లేదు.

ఈ మాట ఎక్కడ పుట్టిందో తెలిస్తే గానీ, ఎంతవరకు నిజమో తేల్చలేం.

1950లలో పారిస్‌లో 'కయ్యే ద్యు సినిమా' పత్రిక చుట్టూ చేరిన కుర్ర విమర్శకులు ఒక వాదం లేవదీశారు. నవలకి రచయిత ఉన్నట్టే సినిమాకీ ఒక కర్త ఉంటాడు, వాడు దర్శకుడే అన్నారు. స్టూడియోలు ఎలాంటి కథ చేతికిచ్చినా, నిజమైన దర్శకుడు అందులో తన ముఖం కనిపించేలా చేస్తాడని వాళ్ల నమ్మకం. ఆ వాదాన్ని అమెరికాకి తెచ్చినవాడు సినిమా విమర్శకుడు ఆండ్రూ సారిస్. 1962లో రాసిన వ్యాసంలో ఆయన మూడు కొలతలు పెట్టాడు: పనితనం ఉండాలి, సినిమా నుంచి సినిమాకి గుర్తుపట్టగలిగే వ్యక్తిత్వం ఉండాలి, ఆ వ్యక్తిత్వానికీ చేతికొచ్చిన కథకీ మధ్య పెనుగులాటలోంచి లోపలి అర్థం ఒకటి పుట్టాలి. 1968లో అమెరికన్ దర్శకులందరినీ తరగతులుగా విడగొట్టి ఆయన వేసిన పుస్తకంలో వైజ్‌కి పై వరసల్లో చోటు దక్కలేదు. అప్పటికి వైజ్ చేతిలో నాలుగు ఆస్కార్లు ఉన్నాయి.

ఈ వాదం వల్ల మేలు జరగలేదని అనను. హాక్స్‌నీ హిచ్‌కాక్‌నీ వట్టి వినోదం సరఫరా చేసేవాళ్లుగా చూసే కాలంలో, వాళ్లని గంభీరంగా తీసుకోవడం నేర్పింది ఇదే. కాకపోతే దీని కొలబద్ద పునరావృతిని పట్టుకున్నంత బాగా ఇంకదేన్నీ పట్టుకోలేదు. ఒకే దిగులు, ఒకే రకం షాట్, ఒకే తరహా నాయకుడు మళ్లీ మళ్లీ కనిపిస్తే దాన్ని వ్యక్తిత్వం అంటుంది. కథ మారినప్పుడల్లా కెమెరా నడక మార్చేసేవాడు ఈ వలలో పడడు. వైజ్ ముద్ర షాట్ లోపల వెతికితే దొరకదు. షాట్ ఎక్కడ ఆగింది, తర్వాతిది ఎప్పుడు వచ్చింది, మధ్యలో ఎంత కాలం గడిచింది, ఆ సమయంలో మన చెవికి ఏం వినిపించింది అన్నచోట వెతకాలి. ఆయన ఎడిటింగ్ గదిలోంచి వచ్చిన మనిషి, చివరిదాకా ఆ గదిని వదలని మనిషి.

ఇండియానా రాష్ట్రంలోని వించెస్టర్‌లో పుట్టాడు. జర్నలిజం చదువుదామని కాలేజీలో చేరితే, ఆర్థిక మాంద్యం దెబ్బకి ఇంట్లో డబ్బుల్లేక 1933లో చదువు ఆగిపోయింది. అన్న అప్పటికే హాలీవుడ్‌లో ఆర్‌కేవో స్టూడియో లెక్కల విభాగంలో ఉన్నాడు. ఆయన మాట సాయంతో తమ్ముడికి సినిమా రీళ్లు మోసే పని దొరికింది. అక్కడినుంచి సౌండ్ ఎఫెక్ట్స్ ఎడిటింగ్‌లోకి, ఆపైన విలియం హామిల్టన్ అనే సీనియర్ ఎడిటర్ దగ్గర శిష్యరికంలోకి. బొమ్మని కత్తిరించడం కంటే ముందు శబ్దాన్ని కత్తిరించడం నేర్చుకున్నాడన్నది గుర్తుపెట్టుకోవాలి. ముప్ఫై ఏళ్ల తర్వాత 'ద హాంటింగ్'లో పనికొచ్చేది అదే.

1940లో దర్శకుడు ఆర్సన్ వెల్స్ 'సిటిజన్ కేన్' మొదలుపెట్టినప్పుడు ఎడిటింగ్ బల్ల దగ్గర కూర్చున్నది వైజ్. వెల్స్ కంటే ఎనిమిది నెలలు పెద్ద, అంతే. ఆ సినిమాలో రెండుచోట్ల వైజ్ చెయ్యి స్పష్టంగా కనిపిస్తుంది. మొదట్లో వచ్చే నకిలీ న్యూస్‌రీల్‌లో పాతకాలపు దృశ్యాలు నిజంగానే పాతవిలా ఉండాలని, కొత్త ఫిల్మును రాతినేల మీద ఈడ్చి, ఇసుక పోసిన పల్చటి గుడ్డలో రుద్ది గీతలు పడేలా చేశారు వైజ్, ఆయన సహాయకుడు మార్క్ రాబ్సన్. రెండోది టిఫిన్ బల్ల ఘట్టం. కొత్త పెళ్లికొడుకు, పెళ్లికూతురు ఒకరినొకరు చూసుకుంటూ మురిసిపోవడం దగ్గర మొదలై, కెమెరా సర్రున పక్కకి తిరిగినప్పుడల్లా కొన్నేళ్లు గడిచిపోయి, చివరికి చెరో పేపరు పట్టుకుని మాటల్లేకుండా కూర్చునేదాకా వస్తుంది. ఒక కాపురం చల్లబడిపోవడాన్ని రెండు మూడు నిమిషాల్లో చెప్పేశారు. ఆలోచన వెల్స్‌ది. ఆ లయ కుదిరేదాకా కూర్చున్నది ఎడిటర్. ఆ ఏడాది ఎడిటింగ్‌కి ఆస్కార్ నామినేషన్ వచ్చింది.

వైజ్ మీద ఈనాటికీ మాయని మచ్చ దాని తర్వాతి సినిమాతో వచ్చింది.

'ద మాగ్నిఫిసెంట్ ఆంబర్సన్స్' షూటింగ్ ముగిసీ ముగియగానే, 1942 ఫిబ్రవరిలో, వెల్స్ ఇంకో సినిమా కోసం బ్రెజిల్ వెళ్లిపోయాడు. అమెరికా అప్పటికి యుద్ధంలో ఉంది. వైజ్ కూడా రీళ్లు పట్టుకుని వెళ్లి వెల్స్ పక్కన కూర్చుని కత్తిరించాలన్నది ప్లాను. యుద్ధకాలపు ఆంక్షల వల్ల ఆ ప్రయాణం కుదరలేదు. ఇక మిగిలింది టెలిగ్రాములే. మార్చి 17న కాలిఫోర్నియాలోని పొమోనా ఊళ్లో ప్రివ్యూ వేశారు, అదీ ఒక హుషారైన సంగీత చిత్రం అయిపోయిన వెంటనే. కుటుంబం చితికిపోయే విషాద కథని చూసి జనం నవ్వారు. స్టూడియో బెదిరిపోయింది. రెండు గంటలు దాటిన సినిమా చివరికి 88 నిమిషాలైంది. కొత్త ముగింపు వేరే వాళ్లతో తీయించారు. ఒకటి రెండు అతుకు దృశ్యాలు వైజ్ కూడా తీశాడు. తీసేసిన నెగటివ్‌ని తర్వాత నాశనం చేశారు. సంగీతం కూర్చిన బెర్నార్డ్ హెర్మన్ తన పేరు తీసేయమన్నాడు. వెల్స్ దీన్ని జీవితాంతం క్షమించలేదు.

ఎవరిది తప్పు? వెల్స్ అభిమానులకి వైజ్ యజమాని మాట విని కళాఖండాన్ని నరికిన గుమాస్తా. వైజ్ వైపు నుంచి చూస్తే, ఆయనకప్పుడు ఇరవై ఏడేళ్లు, నెల జీతగాడు. వెల్స్ ఊళ్లో లేడు. అంతకంటే ముఖ్యమైన సంగతి ఒకటి ఈ గొడవలో మరుగున పడిపోతుంది. 'సిటిజన్ కేన్'కి చివరి కూర్పు మీద తిరుగులేని హక్కు వెల్స్‌కి ఉండేది. 'ఆంబర్సన్స్' నాటికి ఒప్పందం మారింది, ఆ హక్కును ఆయన వదులుకున్నాడు. కాగితం మీద సంతకం స్టూడియో వైపు ఉన్నప్పుడు ఎడిటర్ చేయగలిగింది తక్కువే. ఆ తక్కువైనా వైజ్ చేశాడా అంటే, చేశాడని పూర్తిగా నమ్మబుద్ధి కాదు నాకు. దర్శకత్వం అవకాశం కోసం ఎదురుచూస్తున్న కుర్రాడు స్టూడియోకి ఎదురు తిరుగుతాడని ఆశించడమూ అత్యాశే. సినిమా చేతులు మారకుండా ఉండాలంటే దర్శకుడి కుర్చీ ఒక్కటే చాలదన్న పాఠం మాత్రం ఆయన అక్కడే నేర్చుకుని ఉంటాడు. తర్వాత ఆయన నిర్మాత కావడానికి ఇంతకంటే బలమైన కారణం నాకు కనబడదు.

దర్శకుడిగా మొదటి అవకాశమూ అలాగే అడ్డదారిన వచ్చింది. ఆర్‌కేవోలో వాల్ లూటన్ అనే నిర్మాత చవక భయానక చిత్రాలు తీసేవాడు. పేరు స్టూడియో ఇస్తుంది, ఖర్చు లక్షన్నర డాలర్లు దాటకూడదు, నిడివి గంటంబావు దాటకూడదు, ఆ మూడూ ఒప్పుకుంటే లోపల ఏం చేసుకున్నా అడగరు. 'ద కర్స్ ఆఫ్ ద క్యాట్ పీపుల్' (1944) షూటింగ్ అనుకున్న దానికంటే వెనకబడడంతో దర్శకుణ్ణి తప్పించి, ఆ సినిమాకే ఎడిటర్‌గా ఉన్న వైజ్‌కి అప్పగించారు. లూటన్ సూత్రం ఒకటే: డబ్బుల్లేనప్పుడు రాక్షసుణ్ణి చూపిస్తే నవ్వులాట అవుతుంది, చూపించకపోతే భయం అవుతుంది. 'ద బాడీ స్నాచర్' (1945)లో ఈ సూత్రానికి వైజ్ ఇచ్చిన ఉదాహరణ చూడాలి. ఎడిన్‌బరో వీధిలో రాత్రిపూట పాట పాడుకుంటూ ఒక బిచ్చగత్తె కమాను కిందుగా చీకట్లోకి నడిచిపోతుంది. శవాల వ్యాపారి గుర్రబ్బండి ఆమె వెనకే అదే చీకట్లోకి పోతుంది. కెమెరా కదలదు. పాట వినిపిస్తూనే ఉంటుంది. ఉన్నట్టుండి ఆగిపోతుంది. హత్య అయిపోయింది. మనం చూసింది ఖాళీ వీధి. కత్తెర పడింది శబ్దం మీద, బొమ్మ మీద కాదు.

తర్వాత నాలుగేళ్లకి వచ్చిన 'ద సెటప్' (1949) ఆయన తొలి గొప్ప సినిమా. వయసైపోతున్న బాక్సర్, వాడు ఓడిపోతాడని వాడికే చెప్పకుండా డబ్బు పుచ్చుకున్న మేనేజరు, గెలిచినందుకు పడే శిక్ష. నిడివి 72 నిమిషాలు, కథలో గడిచే కాలమూ అంతే. మొదట్లో వీధి గడియారం రాత్రి తొమ్మిది దాటిన సమయం చూపిస్తుంది, చివర్లో అదే గడియారం పదీ పావు చూపిస్తుంది. కథానాయకుడిగా వేసిన రాబర్ట్ రయన్ కాలేజీ రోజుల్లో నిజంగానే బాక్సింగ్ చేసినవాడు. అయితే నన్ను పట్టి ఉంచేవి గుద్దుల కంటే వాటి మధ్య వచ్చే ముఖాలు: రేడియో చెవికి ఆనించుకున్నవాడు, ఆగకుండా తినే లావాటాయన, పక్కనున్న స్నేహితుడు చెబుతుంటే కళ్లతో చూసినట్టే ఊగిపోయే అంధుడు. ఆ ముఖాలు మళ్లీ మళ్లీ వచ్చే వేగంతోనే పోటీ వేడెక్కుతుంది. ఒక లోటు కూడా చెప్పుకోవాలి. దీనికి మూలమైన కథాకావ్యంలో బాక్సర్ నల్లజాతివాడు. సినిమాలో తెల్లవాడైపోయాడు. నల్ల నటుణ్ణి కథానాయకుడిగా పెట్టే తెగువ అప్పటి స్టూడియోకి లేదు.

1950లు ఫాక్స్‌లోనూ ఎంజీఎంలోనూ గడిచాయి. ఇచ్చిన కథ తీసిపెట్టే జీతగాడి కాలం అది. అన్నీ మంచివి కావు. 'హెలెన్ ఆఫ్ ట్రాయ్' (1956) సెట్టింగుల బరువు కింద నలిగిపోయిన సినిమా. మంచివి మాత్రం చాలా మంచివి, వాటన్నిట్లోనూ కనిపించే గుణం ఒకటుంది: నమ్మశక్యం కానిదాన్ని వార్తలా చూపించడం. 'ద డే ద ఎర్త్ స్టుడ్ స్టిల్' (1951)లో అంతరిక్ష నౌక దిగిన వార్తని చెప్పేది డ్రూ పియర్సన్, కాల్టెన్‌బోర్న్ వంటి అప్పటి అసలు రేడియో, పత్రికా ప్రముఖులే. నౌక కంటే ముందు ఆ గొంతులు మనల్ని నమ్మిస్తాయి. 'ఎగ్జిక్యూటివ్ సూట్' (1954)లో నేపథ్య సంగీతమే లేదు. ఆఫీసు గంటలు, వీధిలో బండ్ల రొద, సైరన్లు, అంతే. బోర్డు రూము ఓటింగుకి వయొలిన్లు వాయించాల్సిన పని లేదని నిర్ణయించుకోవడానికి సౌండ్ ఎడిటర్ బుర్ర కావాలి.

'ఐ వాంట్ టు లివ్!' (1958) ఈ పద్ధతికి కొస. హత్య కేసులో 1955లో కాలిఫోర్నియాలో మరణశిక్ష అమలైన బార్బరా గ్రాహం కథ ఇది. ఆమె నిర్దోషి అన్నట్టుగా సినిమా మొగ్గడం మీద అప్పుడే అభ్యంతరాలు వచ్చాయి, అవి కొట్టిపారేయదగ్గవి కావు. చివరి అరగంట మాత్రం వాదనలన్నిటికీ అతీతం. ఆ దృశ్యాలు తీసేముందు వైజ్ అనుమతి తీసుకుని ఒక మరణశిక్షని స్వయంగా చూశాడు. తెరమీద ఆయన చూపించేది ఏడుపు కాదు, ఏర్పాట్లు. ఆమ్లం కొలిచి పోయడం, రసాయనం ఉండలు మూటకట్టడం, టెలిఫోను పనిచేస్తోందో లేదో సరిచూడడం, కుర్చీ పట్టీలు బిగించి చూడడం. ఫోను మోగుతుంది, ఆగుతుంది, మళ్లీ మోగుతుంది. మామూలు ప్రభుత్వ కార్యాలయం పని ఎంత శ్రద్ధగా చేస్తుందో అంత శ్రద్ధగా ఒక మనిషిని చంపుతున్నారు. సూసన్ హేవర్డ్‌కి ఉత్తమ నటి ఆస్కార్, వైజ్‌కి దర్శకుడిగా మొదటి నామినేషన్ దీనికే.

ఇక్కడినుంచి ఆయన పేరు పక్కన నిర్మాత అన్న మాట కూడా చేరుతుంది. స్టూడియోల పాత వ్యవస్థ అప్పటికి సడలుతోంది. కోర్టు తీర్పుతో సినిమాహాళ్లు వాటి చేతుల్లోంచి జారిపోయాయి, టీవీ వచ్చింది, ఏళ్లకి ఏళ్లు జీతాలిచ్చి మనుషుల్ని కట్టిపడేసే స్తోమత తగ్గింది. ఒక్కో సినిమాకి ఒక్కో జట్టు కట్టి, స్టూడియోని పెట్టుబడికీ పంపిణీకీ వాడుకునే పద్ధతి వచ్చింది. కథ ఎంపిక, రచయిత, ఎడిటర్, చివరి కూర్పు అన్నీ ఒక మనిషి చుట్టూ తిరిగే ఈ ఏర్పాటు వైజ్‌కి సరిగ్గా అతికింది. తెలిసిన చేతులనే మళ్లీ మళ్లీ పిలిచాడు. ఎర్నెస్ట్ లేమన్ ఆయనకి నాలుగు సినిమాలు రాశాడు, నెల్సన్ గిడింగ్ అంతకంటే ఎక్కువే. 'ఆడ్స్ అగైన్‌స్ట్ టుమారో' (1959) ఆయన దర్శక నిర్మాతగా చేసిన దోపిడీ కథ. జాత్యహంకారమే దొంగతనాన్ని చెడగొడుతుంది అందులో. వామపక్షవాదిగా ముద్రపడి బహిష్కారంలో ఉన్న ఏబ్రహం పొలాన్‌స్కీ దాన్ని ఇంకొకరి పేరు చాటున రాశాడు. ఎడిటర్ డీడీ ఆలెన్ అప్పటికి పెద్దగా ఎవరికీ తెలియదు. తర్వాత 'బానీ అండ్ క్లైడ్' కూర్పుతో హాలీవుడ్ ఎడిటింగ్‌నే మలుపు తిప్పింది ఈమె. ఒక బొమ్మ ఇంకో బొమ్మలోకి కరిగిపోయే డిజాల్వులు, తెర మెల్లగా చీకటైపోయే ఫేడవుట్లు వదిలేసి నేరుగా ఒక దృశ్యంలోంచి ఇంకో దృశ్యంలోకి దూకడం వైజ్ గట్టిగా మొదలుపెట్టింది ఈ సినిమాతోనే.

'వెస్ట్ సైడ్ స్టోరీ' (1961) చుట్టూ మాత్రం పెద్ద చిక్కుముడి ఉంది. తెరమీద ఇద్దరు దర్శకుల పేర్లు పడతాయి: రాబర్ట్ వైజ్, జెరోమ్ రాబిన్స్. రంగస్థలం మీద ఆ నాటకాన్ని ఊహించి, నడిపి, నృత్యాలు కూర్చింది రాబిన్స్. సినిమాలో పాటలూ ఆటలూ ఆయన తీయాలి, కథాభాగం వైజ్ తీయాలి అని పంపకం. రాబిన్స్ ఒక్కో షాట్‌ని లెక్కలేనన్నిసార్లు తీయించేవాడు. నర్తకుల మోకాళ్లు చితికిపోయాయి, ఖర్చు పెరిగిపోయింది. సగం పైగా అయ్యాక నిర్మాణ సంస్థ ఆయన్ని తప్పించింది. మిగతాది వైజ్ పూర్తిచేశాడు. పదకొండు నామినేషన్లలో పది ఆస్కార్లు. దర్శకత్వం బహుమతిని ఇద్దరు పంచుకోవడం అదే మొదటిసారి.

అయితే ఆ సినిమా ఎవరిది? నృత్యంలో ఉన్న ప్రతి అడుగూ రాబిన్స్‌దే, ఇందులో వాదనకి తావులేదు. కానీ నాటకాన్ని సినిమా చేయడంలో ఒక సమస్య ఉంది, అది రాబిన్స్‌ది కాదు. రంగస్థలం మీద వీధి రౌడీలు నాట్యం చేస్తే చెల్లుతుంది. నిజమైన న్యూయార్క్ వీధిలో, నిజమైన ఇటుక గోడ ముందు చేస్తే నవ్వొస్తుంది. దీనికి వైజ్ కనిపెట్టిన విరుగుడు మొదటి నిమిషాల్లోనే ఉంది. కెమెరా నడినెత్తి నుంచి నగరాన్ని చూస్తుంది. వంతెనలు, రేవులు, మేడలు గీతలుగా, గళ్లుగా కనిపిస్తాయి. ఎప్పుడూ చూడని కోణంలో ఊరు చూశాక మన చూపు మారిపోతుంది. అప్పుడు నెమ్మదిగా దిగి, ఆటస్థలంలో కుర్రాళ్ల దగ్గరికి వస్తాడు. వాళ్లు చిటికెలు వేస్తారు, నడుస్తారు, నడక నాట్యంలోకి జారుతుంది. ఎక్కడ జారిందో పట్టుకోలేం.

దాని తర్వాత ఆయన ఇంగ్లాండ్ వెళ్లి నలుపు తెలుపులో 'ద హాంటింగ్' (1963) తీశాడు. లూటన్ దగ్గర నేర్చుకున్న దానికి ఇరవై ఏళ్ల తర్వాత చెల్లించిన గురుదక్షిణ. కెమెరా లెన్సులు చేసే పానవిజన్ వాళ్ల దగ్గర ఇంకా తయారీలో ఉన్న వైడ్ యాంగిల్ లెన్సు ఒకటుంది, బొమ్మ వంకరపోతుందని ఇవ్వనన్నారు. వంకర పోవడమే నాకు కావాలి అని, తర్వాత ఫిర్యాదు చేయనని సంతకం పెట్టి మరీ తెచ్చుకున్నాడు. ఇంటి బయటి దృశ్యాలకి ఇన్‌ఫ్రారెడ్ ఫిల్ము వాడాడు. ఇన్ని చేసినా, సినిమాని మోసేది శబ్దమే. గోడ అవతల ఏదో గొణుగుతుంది. చీకట్లో పడుకున్న కథానాయిక ఎలినార్, భయంతో పక్కనున్న అమ్మాయి చెయ్యి పట్టుకుంటుంది. ఎందుకంత గట్టిగా నొక్కుతున్నావని విసుక్కుంటుంది. దీపం వెలిగేసరికి ఆ అమ్మాయి గదికి అవతలి పక్కన ఉంది. మరి ఇంతసేపూ పట్టుకున్నది ఎవరి చెయ్యి? మార్టిన్ స్కోర్సెసీ తనని అన్నిటికంటే భయపెట్టిన సినిమాల జాబితాలో దీన్ని మొదట పెట్టాడు.

'ద సౌండ్ ఆఫ్ మ్యూజిక్' (1965) నిజానికి వైజ్ తీయాల్సింది కాదు. మొదట విలియం వైలర్‌ని అనుకున్నారు, ఆయన వేరే సినిమాకి వెళ్లిపోయాడు. వైజ్ మనసు 'ద శాండ్ పెబల్స్' అనే చైనా కథ మీద ఉంది, అది ఆలస్యమవుతుంటే మధ్యలో ఖాళీ ఎందుకని ఇది ఒప్పుకున్నాడు. 'క్లియోపాత్రా' ఖర్చుతో దివాలా అంచుకి చేరిన ఫాక్స్ సంస్థని ఒడ్డున పడేసిన సినిమా ఇలా ఖాళీ పూరించడానికి పుట్టింది. షూటింగ్ జరిగిన ఆస్ట్రియా ఊరు సాల్జ్‌బర్గ్‌లో ఆగని వాన, ఆరువారాల పని పదకొండు వారాలైంది. కొండమీద జూలీ ఆండ్రూస్ చేతులు చాచి తిరిగే ఆ మొదటి షాట్‌లో, హెలికాప్టర్ వెనక్కి మళ్లినప్పుడల్లా దాని గాలికి ఆమె గడ్డిలో పడిపోయేది.

విమర్శకులు దీన్ని చీల్చిచెండాడారు, ముఖ్యంగా పాలిన్ కేల్. పంచదార పాకం అన్న ఫిర్యాదుని పూర్తిగా తోసిపుచ్చలేను. రెండో సగంలో ప్రేమ సన్నివేశాలు నాకు ఈనాటికీ సాగినట్టే ఉంటాయి. కానీ 'డో రే మీ' పాట ఒక్కసారి ఎడిటర్ కళ్లతో చూడండి. మన ఇంగ్లీషు మీడియం బడుల్లో పిల్లలకి నేర్పే పాట గనక వినీ వినీ పట్టించుకోం. నాటకంలో ఈ పాట ఇంటిలోపల, ఒక్కచోట సాగుతుంది. సినిమాలో కొండమీద మొదలై, వంతెన మీదుగా, సైకిళ్ల మీద, గుర్రబ్బండిలో, తోట మెట్ల మీద ముగుస్తుంది. పాటలో చోటు మారడం, బట్టలు మారడం మన సినిమా చూసేవాళ్లకి వింతేం కాదు. ఇక్కడ తేడా ఏమిటంటే, ప్రతి కోతకీ కొన్ని రోజులు గడుస్తున్నాయి. పాట మొదట్లో స్వరాలు తెలియని పిల్లలు చివరికొచ్చేసరికి గొంతు గొంతు కలిపి విడివిడి స్వరాలు పాడగలుగుతున్నారు. ఒక వేసవి అయిదారు నిమిషాల్లో పట్టేసింది. 'సిటిజన్ కేన్' టిఫిన్ బల్ల దగ్గర కాపురం చల్లబడిన పద్ధతే ఇది, దిశ మాత్రం తిరగబడింది. కథ వేరు, రంగు వేరు, మనోభావం వేరు. కాలాన్ని మడత పెట్టే చెయ్యి ఒక్కటే.

ఆస్కార్ల రాత్రి ఆయన అక్కడ లేడు. 'ద శాండ్ పెబల్స్' (1966) కోసం ఆసియాలో ఉన్నాడు. దర్శకుడి బహుమతిని ఆయన తరఫున జూలీ ఆండ్రూస్ అందుకుంది. 1926 నాటి చైనాలో అమెరికా యుద్ధనౌక చిక్కుకుపోయే ఆ కథని, వియత్నాం యుద్ధం నడుస్తున్న రోజుల్లో ఎవరూ పాత కథగా చూడలేదు. స్టీవ్ మెక్వీన్‌కి జీవితంలో వచ్చిన ఏకైక ఆస్కార్ నామినేషన్ దానికే.

అక్కడినుంచి దిగుడు. జూలీ ఆండ్రూస్‌తోనే తీసిన 'స్టార్!' (1968) మూడు గంటల సినిమా, ఘోరంగా దెబ్బతింది. ఫాక్స్ దాన్ని రెండు గంటలకి కుదించి, పేరు మార్చి మళ్లీ వదిలింది, అప్పుడూ ఆడలేదు. 'ఆంబర్సన్స్' విషయంలో కత్తెర పట్టుకున్నవాడికే ఈసారి కత్తెర పోటు తగిలింది. 'ద ఆండ్రొమెడా స్ట్రెయిన్' (1971) ఒక్కటి మళ్లీ పాత వైజ్‌ని చూపిస్తుంది. ఎడారి ఊరిని తుడిచిపెట్టిన క్రిమి, భూగర్భ ప్రయోగశాల, నలుగురు శాస్త్రవేత్తలు. తెరని ముక్కలు చేసి ఒకేసారి నాలుగైదు దృశ్యాలు చూపించడం అందులో అలంకారం కాదు, సమాచారం. 'ద హిండెన్‌బర్గ్' (1975) మాత్రం చివరి పది నిమిషాల కోసం రెండు గంటలు ఓపిక పట్టమంటుంది.

'స్టార్ ట్రెక్: ద మోషన్ పిక్చర్' (1979) ఈ మనిషికి జరగగూడని సినిమా. విడుదల తేదీ డిసెంబర్ 7 అని థియేటర్లతో ముందే ఒప్పందాలైపోయాయి. స్పెషల్ ఎఫెక్ట్స్ అప్పగించిన సంస్థ పని తేల్చకపోవడంతో, గడువుకి పది నెలల ముందు దాన్ని మార్చి డగ్లస్ ట్రంబుల్‌నీ జాన్ డైక్‌స్ట్రానీ తెచ్చారు. ఎఫెక్ట్స్ షాట్లు ఆఖరి రోజుల దాకా వస్తూనే ఉన్నాయి. వచ్చినవాటిని వచ్చినట్టు అతికించడం తప్ప కత్తిరించే వ్యవధి లేదు. ప్రివ్యూ లేదు. ఎడిటర్‌గా పుట్టినవాడు తన సినిమాని ఎడిట్ చేయకుండా వదిలిపెట్టాల్సి వచ్చింది. నౌక చుట్టూ నిమిషాల తరబడి తిరిగే ఆ దృశ్యాల్ని చూసి జనం నత్తనడక అన్నారు, వసూళ్లకి మాత్రం లోటు లేదు. ఇరవై రెండేళ్లకి, 2001లో, 87 ఏళ్ల వయసులో ఆయన పర్యవేక్షణలోనే అప్పుడు చేయలేకపోయిన ఆ కూర్పు పూర్తయి డీవీడీగా వచ్చింది.

ఇంతా చెప్పి ఆయన్ని హిచ్‌కాక్ పక్కన కూర్చోబెడతానా అంటే, లేదు. స్క్రిప్టు బలహీనంగా ఉంటే వైజ్ దాన్ని మించి ఎదగలేడు, హిచ్‌కాక్ ఎదుగుతాడు. ఆ తేడా నిజమైనదే. శైలి లేదనడం మాత్రం చూడాల్సినచోట చూడకపోవడం వల్ల వచ్చింది. మొదలుపెట్టాలనుకునేవాళ్లు అందరికీ తెలిసిన సినిమాతో కాకుండా 'ద సెటప్'తో మొదలుపెడితే మంచిది, గంటంబావు కూడా పట్టదు. తర్వాత 'ద బాడీ స్నాచర్', ఆపైన 'ద హాంటింగ్'. ఆ మూడింటినీ హెడ్‌ఫోన్స్ పెట్టుకుని చూడండి. 'ద సౌండ్ ఆఫ్ మ్యూజిక్' వీటి తర్వాత పెట్టుకోండి, 'హెలెన్ ఆఫ్ ట్రాయ్' వదిలేసినా నష్టం లేదు.